బొటనవేలి కింది కండ

ముప్పై ఏడంతస్తుల బిల్డింగుకు
లోపటి గోడలన్నీ గిలాబు చేసొచ్చిన చెయ్యి అది.
కంపెనీ మునిగి, ఆరు నెల్ల జీతం మునిగి
లింబాద్రి మా కిచెన్ల తేలిండు.
మనామల, అద్లియా గల్లీల,
ఇరవై టేబుళ్ల హోటలు.
"గిన్నెలు తోముతవా?" అంటే
"ఏదైనా తోముతనన్నా" అన్నడు.

మూడు నెల్లకు
గ్రిల్లు కాడి పోరడు లీవుకు పోయి మళ్ల రాలె.
వీనికి ఏప్రాన్ కట్టిన.

ముందుగాల పొడి.
ధనియాలు, మిరియాలు బరకగ దంచాలె,
మెత్తగైతే పెనం మీద మాడి చేదెక్కుతది.
ఎల్లిగడ్డ పొడి, ఎండిన రోజ్‌మేరీ,
జాతర్ (జాతర గాదురా, ఆకు),
ఇక్కడోళ్ల నల్లనిమ్మకాయ ఒకటి.
ఎండీ ఎండీ గలగలమంటది,
పగలగొట్టి గింజలు పారెయ్యాలె.
ఉప్పు మాత్రం గంట ముందే.

ఉప్పు పడ్డంక ముక్క మీద నీళ్లూరినయి.
లింబాద్రి వంగి చూసిండు.
"కొత్త గిలాబు గిట్లనే చెమటవడ్తదన్నా.
ఆ తడి మళ్ల లోపటికి గుంజుకునేదాంక
ముట్టొద్దు."
నేను పదకొండేండ్లసంది చెప్తున్న మాట
వాడు చూసుడుతోనే అన్నడు.

పొడి చల్లుడు సుత నేను నేర్పలె.
పిడికిట్ల పట్టి, జానెడు ఎత్తు నుంచి,
నేల మీద ఉత్త సిమెంటు చల్లినట్టు
ఓ కాడ ఎక్కువ లేదు, ఓ కాడ తక్కువ లేదు.
అరచేత అదిమిండు. రుద్దలె.

పోతినుము పెనం పొగలెక్కినంకనే ముక్క వెయ్యి.
సుయ్యిమనాలె. అనకుంటే తొందరపడ్డవు.
అంటుకున్నదని పీకకు,
ఎర్రగైతే అదే పెనాన్ని ఇడుస్తది.
తిప్పు. వెన్న ఇంతంత. పెనం వంచి
కరిగిన వెన్న చెంచతోని మీదికెల్లి పొయ్యి.

ఇగ ఉడుకు లెక్క.
ఫిలిప్పీనీ రోడెల్ నాకు చూపిచ్చిందే
వానికి చూపిచ్చిన:
చూపుడువేలు బొటనవేలికి ఆనిచ్చి
కింది కండ ఒత్తి చూడు, అది పచ్చి.
నడిమివేలైతే లోపట గులాబి.
ఉంగరంవేలు సగం.
చిటికెనవేలు పూరా ఉడికింది.
చెయ్యిని ఒత్తు, ముక్కను ఒత్తు,
రెండూ ఒక్కతీరైతే దించు.

ఆ రాత్రి పద్నాలుగు ప్లేట్లు పొయినయి,
తొమ్మిది వాపసొచ్చినయి.
అన్నీ చెప్పు అట్టలే.

"చెయ్యి ఒత్తి చూసినవా?"
"చూసినన్నా. గంత గట్టిగైనంకనే దించిన."

వాని చెయ్యి గుంజుకొని నేనొత్తిన.
చూపుడువేలికి గట్టి.
నడిమివేలికి గట్టి.
నాలుగు వేళ్లకూ ఒకటే గట్టి.
తొమ్మిదేండ్లు తాపీ పిడి ఆనిన కాడ
కండ కాయైంది.
వాని చేతిల పచ్చి అన్నదే లేదు.

రోడెల్ నవ్విండు.
"నాది ఒత్తి చూస్కో" అని నా చెయ్యి ఇచ్చిన.
ఒత్తి, వాడేమనలె గని
పదకొండేండ్ల పెనం నా అరచేతిని
ఇంత మెత్తగ ఉంచిందని
నాకే జర సిగ్గైంది.
రెండు ముక్కలు అట్ల దించిండు.
ఆర్డర్లు వరసవెడ్తే
ఎవని చెయ్యి ఎవనికి ఖాళీ?

తెల్లారి వాడు చెయ్యి చూసుకోలె.
వేలు కొసతోని ముక్కనే నొక్కి
పక్కకు వంగి చూస్తున్నడు.
"ఏందిరా?"
"వేలు దిగితే పచ్చి గిలాబు.
జర గుర్తువడి, వేలికి అంటకుంటే గదే టైము.
గుర్తే పడకుంటే సెట్టయింది,
ఇగ సుత్తె పట్టాలె."

ఆ రాత్రి వాపసొచ్చింది ఒక్కటే,
అదీ ఆలుగడ్డలు సల్లారినయని.

ఒంటిగంటకు షట్టర్ దించినంక
అంచు ముక్క ఒకటి కోసి ముందలవెట్టిన.
"పెద్దకూర మా ఇంట్ల ముట్టరన్నా" అని
ప్లేటు నా దిక్కు జరిపిండు.
స్టాఫు అన్నం ఇంత పెట్టుకున్నడు.
డబ్బల మిగిలిన పొడి
రెండు చెంచలు వేస్కొని
పైన ఆలివ్ నూనె పోసి కలిపిండు.
ఆ చెయ్యి అన్నాన్ని మాత్రం
మెతుకు చిదమకుంట కలిపింది.

ఓ ముద్ద మింగి
జరసేపు ఆలోచించి అన్నడు:
"నల్లనిమ్మకాయ ఎక్కువైందన్నా.
రేపు సగమే వెయ్యి."